గుర్రాల్ని చూసొస్తాను

ఆ రోజుల్లో పెళ్ళికాని కుర్రాడు తానెంత బుద్ధిమంతుడో చూపించుకోవాలంటే అమ్మాయి తరఫు పెద్దవాళ్ళని గుడికి తీసుకెళ్ళేవాడు. నేను మంగోలియా సినిమాకి తీసుకెళ్ళాను. రెండువేల దశకం మధ్యలో వెల్లింగ్టన్‌లో కాంట్రాక్టు ఉద్యోగం చేస్తూ, అదే ఆఫీసులో ఒకమ్మాయిని ఇష్టపడ్డాను (ఇప్పుడు మా ఆవిడ, ఇది రాస్తుంటే భుజం మీంచి చూస్తోంది). తనూ ఇష్టపడింది. కానీ పక్కనే ఉన్న లోవర్ హట్‌లో ఉండే వాళ్ళ బాబాయిగారు 'కుర్రాడు మంచివాడే' అని ఫోన్లో ఒక్కమాట చెబితే తప్ప కాకినాడలో వాళ్ళ నాన్నగారు ఒప్పుకోరు. ఆ బాబాయిగారేమో ఎన్నిసార్లు భోజనానికి పిలిచినా నాతో గాలీ వానా గురించి తప్ప మాట్లాడేవారు కాదు.

ఇలా లాభం లేదని నేనే ప్లాను వేశాను. ఊళ్ళో చిన్న థియేటర్లో ఆ సినిమా ఆడుతోంది. పోస్టర్ మీద పచ్చిక మైదానం, గుర్రాలు, గుండ్రటి గుడారం ముందు పాలు పితుకుతున్న ఒకావిడ. ఇంతకన్నా సంస్కారవంతమైన సినిమా ఉంటుందా అనుకుని, బాబాయిగారినీ పిన్నిగారినీ అమ్మాయినీ వెంటబెట్టుకెళ్ళాను. టికెట్లిచ్చే అమ్మాయి "అందరూ పద్దెనిమిది దాటినవాళ్ళేనా?" అంటే, బాబాయిగారి బట్టతల చూపించి జోకు కూడా వేశాను. ఎందుకడుగుతోందో ఆలోచించాలన్న జ్ఞానం నాకెక్కడిది.

కథ పెద్దమనిషి తరహాలోనే మొదలైంది. భర్త పోయిన నడివయసావిడ, మామగారితో కలిసి గుర్రాలు మేపుకుంటూ బతుకుతుంటుంది. ఒకాయన సాయానికొస్తాడు. చూపులు కలిశాయి. గుడారంలో దీపం తగ్గింది. ఆవిడ జడ విప్పుకోవడం మొదలుపెట్టింది. నాకు పైప్రాణాలు పైనే పోయాయి. మన ఇళ్ళలో టీవీలో ఇలాంటి ఘట్టం వస్తే ఒకరికి దాహమేస్తుంది, ఇంకొకరికి స్టవ్ గుర్తొస్తుంది. బాబాయిగారు గట్టిగా దగ్గారు. "కాస్త మంచినీళ్ళు తాగొస్తాను."

"మీరు కూర్చోండంకుల్, నేను తెస్తాను" అన్నాను మర్యాదకి. కూర్చుంటే చూడాల్సొస్తుందని ఆయన నావైపు కొరకొరా చూశారు. ఇద్దరం లేచాం.

నీళ్ళు తాగి తలుపు సందులోంచి తొంగిచూస్తే వాళ్ళింకా దుప్పటి కిందే ఉన్నారు. మళ్ళీ తాగాం. చివరికి ఆశ వదులుకుని, కాఫీలు కొనుక్కుని లాబీలో బెంచీ మీద కూలబడ్డాం.

"ఏమయ్యా, అన్నీ కనుక్కునే తీసుకొచ్చావా?"

"లేదంకుల్. గుర్రాల్ని చూసి తీసుకొచ్చాను."

ఆయన నవ్వడం మొదటిసారి చూశాను. కాఫీ అయ్యేలోపు, ఈ దేశం వచ్చిన కొత్తలో హీటరు వెయ్యడం తెలీక భార్యాభర్తలిద్దరూ స్వెట్టర్లతో పడుకున్న సంగతి చెప్పారు. తర్వాత కప్పులోకి చూస్తూ "మా అమ్మాయంటే నిజంగా ఇష్టమేనా?" అన్నారు.

"చాలా ఇష్టమంకుల్. మీరు కాదంటారేమోనని నిద్ర కూడా పట్టట్లేదు."

ఇంతలో పిన్నిగారూ అమ్మాయీ కళ్ళు తుడుచుకుంటూ బయటికొచ్చారు. నా పని అయిపోయిందనుకున్నాను.

"ఎంత మంచి సినిమా అండీ" అన్నారు పిన్నిగారు. "ఆ మామగారు లేడూ, వాళ్ళిద్దరికీ చోటివ్వడానికి, గుర్రాల్ని చూసొస్తానని దగ్గి, ఆ మంచులో బయట కూర్చుంటాడు. అచ్చం మీలాగే దగ్గాడు. ఆఖర్న ఆయనే దగ్గరుండి కోడలికి పెళ్ళి చేస్తాడండీ."

బాబాయిగారు ఆవిడ కళ్ళలోకీ, అమ్మాయి కళ్ళలోకీ చూసి, నా భుజం మీద చెయ్యేశారు. ఆ ఆదివారమే కాకినాడకి ఫోన్ చేశారట. "కుర్రాడు మంచివాడే అన్నయ్యా. సినిమాలు ఎంచుకోవడం మాత్రం చేతకాదు."

మొన్న మా అమ్మాయి తన క్లాసు కుర్రాణ్ణి ఇంటికి తీసుకొచ్చింది. ఇద్దరూ ఏదో సినిమా పెట్టుకున్నారు. నేను సోఫాలో వాళ్ళ మధ్య బాధ్యత గల తండ్రిలా బైఠాయించాను. వంటింట్లోంచి మా ఆవిడ దగ్గింది. వినపడనట్టు కూర్చున్నాను. మళ్ళీ దగ్గింది. లేచాను.

"వేర్ ఆర్ యూ గోయింగ్, డాడీ?"

"గుర్రాల్ని చూసొస్తానమ్మా."

పెరట్లో గాలికి ఎగురుతున్న బట్టలు తప్ప ఏమీ లేవు. చలిలో చేతులు కట్టుకుని, నవ్వుకుంటూ, చాలాసేపు వాటినే కాపలా కాశాను.