టీవీ నిండా పెళ్లి

అమ్మ పెళ్లి క్యాసెట్టును తిరువూరులో ఒక స్టూడియోకిచ్చి పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించాను. పాత వీడియో బొమ్మ పలకలా చదరంగా ఉంటుంది, కొత్త టీవీ వెడల్పు కాబట్టి పక్కల నల్లపట్టీలు వస్తాయన్నాడు స్టూడియో ఆయన. “వద్దండి, నిండుగా రావాలి,” అన్నాను, చదువుకున్నవాణ్ణి కదా. ఆయన పైనా కిందా కోసి నింపాడు.

ఇంట్లో అమ్మకి పెట్టి చూపిస్తుంటే కాళ్లు కడిగే ఘట్టం వచ్చింది. నీళ్లు పోస్తున్న అమ్మమ్మ ఉంది. కింద వంగి అల్లుడి కాళ్లు కడుగుతున్న తాతయ్య లేడు. క్యాసెట్టంతటిలో ఆయన కనిపించేది అక్కడొక్కచోటే. మిగతా సేపంతా వంటల దగ్గరున్నాడు.

“మా నాన్నేడిరా?” అంది అమ్మ.

కోయకుండా మళ్లీ ఎక్కించమని స్టూడియోకి ఫోన్ చేశాను. “క్యాసెట్టు బూజు పట్టింది, పారేయమని మీరేగా సార్ అన్నారు.”

“కొంచెం కిందికి జరపరా,” అంది అమ్మ.

రిమోట్‌లో అలాంటి బటన్ లేదు. ఆయన గొంతైనా వినిపిస్తుందేమోనని సౌండు పెంచాను.