ఎర్రకోడికి మట్టి కావాలి

మా రాహేలుకు కోళ్ళతో మాట్లాడే జబ్బుంది. మెదక్‌లో చర్చి వెనక సందులో మా రెండిళ్ళకూ మధ్య పొట్టిగోడ ఒక్కటే అడ్డం. మధ్యాహ్నం అవతల ఆమె గొణుగుడు, కోళ్ళ గురగుర, చర్చి గంట అన్నీ కలిసిపోయి నాకు కళ్ళు మూతపడతాయి. ఏది మనిషి మాటో, ఏది కోడి మాటో సగం నిద్రలో ఎవరికి తెలుస్తుంది?

ఆ కోళ్ళలో ఎర్రది ఆమె ప్రాణం. చనిపోయిన పెనిమిటి జయానందం టేక్మాల్ అంగడి నుంచి తెచ్చిన పెట్ట సంతతిలో అదొక్కటే మిగిలింది. అది గంపలో గుడ్లు పొదగడానికి కూర్చుంటే రాహేలు కాలు నేల మీద నిలవలేదు.

అలాంటిది ఓ రోజు ఎర్రది గంప దిగి బయట నిలబడింది. కూర్చోబెడితే మళ్ళీ దిగింది. రాహేలు దాన్ని ఒళ్ళోకి తీసుకుని తోక కింద ఈకలు విప్పి చూసి “దేవా!” అంది. ఈకల మొదళ్ళలో తెల్లగా పేనుగుడ్ల గుత్తులు, చర్మం మీద పరుగెత్తే పేలు.

“సిద్దమ్మక్కా, గుడ్లన్ని సల్లబడితే ఎట్లనే? ఆయన కోడి పేరే లేకుండ పోతది,” అని ఏడ్చింది.

జాలికన్నా ముందు నాకు ఒళ్ళు మండింది. “పోదా మరి? వాకిలంత సిమెంటు పోపిచ్చుకుంటివి! కోడి యాడ పొర్లాలె, నీ నెత్తి మీదనా?”

కోడికి స్నానమంటే పొడిమట్టే. అందులో పొర్లి రెక్కలు దులుపుకుంటేనే పేలు రాలతాయి. వానకు అమ్మ జారిపడుతుందని కొడుకు గిడియోన్ గోడ నుంచి గోడ దాకా సిమెంటు చేశాడు. తనే తాపీ పట్టి, మూలన వాళ్ళమ్మ పేరు కూడా గీశాడు.

“వానికెట్ల చెప్పాలె అక్కా? మస్తు ముచ్చటపడి జేసిండు.”

ముందు గంపలోని పాత గడ్డి కాల్చేశాం. కొత్త గడ్డి కింద వేపాకు పరిచాం. జల్లించిన కట్టెల బూడిద కళ్ళలో పడకుండా ఎర్రదాని ఈకల్లోకి రుద్దాను.

“పేనుగుడ్లు పగిలి మళ్ల పిల్లలొస్తయ్. వారమైనంక ఇంకోపారి రుద్దాలె. ఎన్నిసార్లు రుద్దినా మట్టి లేకుంటే లాభం లేదు,” అని చెప్పి ఇంటికి వచ్చాను.

పొద్దు వాలుతుండగా ఠంగుమన్న చప్పుడుకు గోడ మీంచి తొంగిచూశాను. రాహేలు చేతిలో గడ్డపార! అప్పుడే పని నుంచి వచ్చిన గిడియోన్ గుమ్మంలో కొయ్యబారి నిలబడ్డాడు.

“ఏందమ్మా గిది?”

ఆమె గడ్డపార గోడకు ఆనించింది. ఎర్రదాన్ని తెచ్చి అతని చేతుల్లో పెట్టింది. పేలు మణికట్టు మీదికి పాకాయి. గిడియోన్ కోడిని దించి గడ్డపార అందుకున్నాడు.

“నీ పేరు కాడనే కొట్టాల్నా?”

“గాడనే బిడ్డా. మీ నాయిన ఉన్నప్పుడు కోళ్లు పొర్లింది గాడనే.”

పెళ్ళలు లేచాయి. అడుగు మట్టిని గుల్లచేసి బూడిద కలిపాడు. ఎర్రది అందులో పడుకుని, రెక్కలు విప్పి, కళ్ళు మూసుకుంది. ఎండలో దుమ్ము లేచి మెల్లగా అందరి మీదా వాలింది. చివరికి అది లేచి, ఒళ్ళు దులుపుకుని, తిన్నగా వెళ్ళి గంపలో కూర్చుంది.

గిడియోన్ ఇంకా పగిలిన పేరునే చూస్తున్నాడు. రాహేలు కోడి పొట్ట కిందికి చెయ్యి పోనిచ్చి చాలాసేపు అలాగే ఉంచింది.

“పేరు పోతే పోనియ్ బిడ్డా,” అంది. “గుడ్లు ఎచ్చగున్నయ్.”