కాపలా పోయిన రాయి: నార్త్ కరొలైనా కొండ ఏట్లో ఒక రోజు

మా అమ్మాయి అనఘ బయాలజీ చదువుతోంది. నార్త్ కరొలైనా పడమటి కొండల్లో ఏర్ల సర్వే చేసే బృందంతో తిరుగుతుంటుంది. సెప్టెంబరు చివర్లో ఫోన్ చేసి, "అమ్మా, ఈ వీకెండ్ నువ్వు రావాలి. ఐ వాంట్ యు టు సీ హిమ్" అంది. "ఎవరే ఆ అబ్బాయి?" అన్నాను. "అమ్మా! సాలమాండర్! హెల్‌బెండర్!" అని పగలబడి నవ్వింది. ఆ ప్రయాణానికి సంబంధించి మేం నవ్వింది అదొక్కసారే.

శనివారం తెల్లవారగానే మా ఊరు క్యారీలో బయల్దేరి, ఐ-ఫార్టీ హైవే మీద ఆష్‌విల్ వైపు డ్రైవ్ చేశాను. దారిలో ఆగుతూ వెళ్తే ఐదు గంటలు పడుతుంది. అక్కడ అనఘ కారెక్కింది. అక్కడి నుంచి కొండదారి. తుఫాను వరద వచ్చి వెళ్ళినా దాని గుర్తులు ఇంకా పోలేదు: కొమ్మల్లో ఇరుక్కున్న రేకులు, పునాది మాత్రమే మిగిలిన ఇళ్ళు. టిఫిన్‌కి ఆగిన చోట వంటామె, మేం ఏటికి వెళ్తున్నామని తెలిసి, "ఆ ఏరు వంక చూడబుద్ధి కావట్లేదమ్మా" అని కాఫీ పోసి వెళ్ళిపోయింది. క్యాబిన్ అద్దె రాత్రికి నూట ఇరవై డాలర్లు. నీళ్ళు మంచులా ఉంటాయి కాబట్టి వెట్‌సూట్ ఊళ్ళోనే అద్దెకు తీసుకోవాలి.

నడుస్తూ అనఘ చెప్పింది. హెల్‌బెండర్ రెండడుగుల దాకా పెరుగుతుంది. బల్లిలా కనిపించినా కప్పలకు చుట్టం. ముడతలు పడిన చర్మంతోనే ఊపిరి పీలుస్తుంది కాబట్టి నీళ్ళు చల్లగా, శుభ్రంగా ఉండాలి. ఏరు పాడైతే ముందుగా దెబ్బ తగిలే జీవుల్లో ఇదొకటి. పగలంతా పెద్ద బల్లపరుపు రాయి కింద దాక్కుంటుంది, రాత్రి రొయ్యల్లాంటి క్రేఫిష్‌లను వేటాడి వాటి సంఖ్యను అదుపులో ఉంచుతుంది. ఆడది గుడ్లు పెట్టి వెళ్ళిపోతే కాపలా కాసేది మగదే. వరద ఇలాంటి రాళ్ళను చాలావాటిని ఇసుకలో పూడ్చేసింది. మేం వెళ్తున్న ఏటి మలుపులో ఒక్క రాయి మిగిలింది. దాని కింద ఒక మగది ఉంది. అనఘ చూపిస్తానన్నది దాన్నే.

ఒడ్డుకు చేరేసరికి అది గులకరాళ్ళ మీద పడి ఉంది. తల చితికిపోయింది, నోట్లో గాలం. అనఘ మోకాళ్ళ మీద కూలబడి, సంచిలోంచి స్కానర్ తీసి దాని వీపు మీద పెట్టింది. చర్మం కింద వాళ్ళ బృందం గుర్తుకోసం పెట్టిన చిప్ ఉండడంతో స్కానర్ కూసింది. "ఇట్స్ హిమ్, అమ్మా" అంది.

కాస్త దిగువన చేపలు పడుతున్న పెద్దాయన మమ్మల్ని చూసి వచ్చాడు. పేరు రాయ్ అన్నాడు. పొద్దున తన గాలానికే పడిందట. "విషం కదా. ట్రౌట్ చేపల్నీ మింగేస్తుంది. కనబడితే చంపమనే మా నాన్న నేర్పాడు" అన్నాడు.

"విషం లేదు. అది ఎక్కువగా తినేది క్రేఫిష్‌నే" అంది అనఘ.

రాయ్ ఏటి వైపు చూస్తూ, "ఈ ఏరు మా ఇంటిని పట్టుకుపోయింది. దీంట్లో ఉన్నదాని మీద నాకు జాలి పుట్టలేదు" అన్నాడు. "తెలిసుంటే చంపేవాణ్ణి కాదు" అని గాలాలు సర్దుకుని వెళ్ళిపోయాడు. అతని మీద కోపం తెచ్చుకుందామనుకున్నాను, రాలేదు.

నీళ్ళలో చూసే మాస్క్ పెట్టుకుని అనఘ వెనకే నీళ్ళలోకి దిగాను. రాయి కింద ఆమె టార్చ్ వెలుగులో పసుపుపచ్చ పూసల దండల్లా గుడ్లు కనిపించాయి. అప్పటికే రెండు చేపలు అంచున తచ్చాడుతున్నాయి. అనఘ సిగ్నల్ కోసం రోడ్డు మీదికెళ్ళి వాళ్ళ సూపర్‌వైజర్‌కి ఫోన్ చేసింది. గుడ్లు పెంచడానికి తొట్లు ఖాళీ లేవు, అనుమతీ లేదు, ముట్టుకోవద్దన్నాడాయన.

ఆమె తిరిగొచ్చి నీళ్ళలో బోర్లా పడుకుని, రాయి కింది సందుకు తన చేతులు అడ్డం పెట్టింది. చేపలు వచ్చినప్పుడల్లా తోలింది. మధ్యాహ్నం దాటి ఎండ కొండ వెనక్కి జారింది. ఆమె పెదాలు నీలంగా మారాయి.

"పైకి రా తల్లీ. ఇవి ఎప్పటికి పిల్లలవుతాయి?"

"టూ మంత్స్. మోర్, మేబీ."

"మరి ఎన్నాళ్ళు ఇలా పడుకుంటావు?"

"ఐ నో, అమ్మా. నాకు తెలుసు. జస్ట్ కొంచెం సేపు."

చివరికి భుజాలు పట్టుకుని నేనే లాగాను. ఎదురు తిరగలేదు. చలికి ఆమె పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. ఒడ్డున తువ్వాలు చుట్టి గుండెకు హత్తుకుంటే, చిన్నపిల్లలా వెక్కి వెక్కి ఏడ్చింది. వెనక్కి తిరిగి చూడకుండా నడిచాం. మరుసటి వారం బృందం వెళ్ళి చూస్తే రాయి కింద ఒక్క గుడ్డూ లేదు.

అందమైన ఏరే. ఫోటోల్లో ఇప్పటికీ అద్దంలా మెరుస్తుంది. అందులో ఎవరు మిగిలారో, ఎవరు లేరో పైనుంచి చూసేవాళ్ళకు తెలియదు, ఆ శనివారం దాకా నాకూ తెలియలేదు. కూతురికి ఊరట కలిగించే మాట కోసం తిరుగుదారి పొడవునా వెతికాను, దొరకలేదు. ఆమె కిటికీలోంచి చూస్తూ, "మండే మళ్ళీ వేరే ఏటికి వెళ్ళాలి" అంది. అంతే.

మీరు ఆ వైపు చేపలు పట్టడానికి వెళ్తే ఒక్క మాట. గాలానికి ముడతల చర్మంతో, బురద రంగులో ఉన్న పెద్ద జీవి తగిలితే భయపడకండి. గాలాన్ని పీకొద్దు, దారాన్ని నోటి దగ్గరగా కత్తిరించి, పట్టుకున్న చోటే నీళ్ళలోకి వదిలేయండి. రాయి కింద దానికోసం ఏముందో మీకు కనిపించదు.