నోట అంకె పలకని ఎలీషా

మా ఇంజన్ డ్రైవరు ఎలీషా టోజర్‌కి అంకెలంటే గిట్టదు. ఎంత గిట్టదంటే, గుడ్లు కొనేటప్పుడు కూడా లెక్క చెప్పకుండా ఇంట్లోవాళ్ల పేర్లు చెబుతాడు. "మేరీది, జేన్‌ది, సూసన్‌ది, నాది ఇవ్వమ్మా" అంటాడు. అంగడామె వేళ్లు మడిచి లెక్కపెట్టుకుని ఇస్తుంది.

చర్చిలో పాదిరిగారు కీర్తన నంబరు చెప్పగానే చెవులు మూసుకునేవాడు. ఊరంతా ఒకటి పాడుతుంటే తను ఇంకోటి ఎత్తుకునేవాడు. జనాభా లెక్కలాయన వచ్చి వయసెంత అని అడిగితే, "మా అమ్మకి తెలుసు" అన్నాడు.

"ఆవిడెక్కడుంది?"

"శ్మశానంలో. గేటు తీసే ఉంటుంది, వెళ్లి అడగండి."

ఇదంతా మా న్యూటన్ ఊరి రైలు లైను కొత్త కంపెనీ చేతికి పోయాక పట్టుకున్న తెగులు. అంతకుముందు, ఏడడుగుల వెడల్పు పట్టాల మీద పరిగెత్తే మా ఇంజన్లన్నిటికీ పేర్లే ఉండేవి. ఎలిఫెంట్, జిరాఫ్, జీబ్రా, ఫాల్కన్. చెయ్యి ఎత్తితే అందేలా పక్కన లావుపాటి ఇత్తడి అక్షరాలు. కొత్తవాళ్లొచ్చి ఇంజన్ల ముందరి దూలం మీద రంగుతో నంబర్లు వేయించి, ఇకమీదట పని నంబరుతోనే చెప్పాలన్నారు.

షెడ్డు ఫోర్మన్ ప్రౌజ్ పలక చూసి అరిచేవాడు. "రెండువేల నూట ముప్పై ఆరు! పొయ్యి అంటించండి!"

"అదెవరండీ? అలాంటివాళ్లు మా షెడ్డులో లేరే!" రేకులు అదిరేలా ఎలీషా.

"జీబ్రా అయ్యా, జీబ్రా!"

"ఓహో, జీబ్రానా! అలా చెప్పండి మరి!"

రోజూ పొద్దున్నే ఇదే భాగోతం. ప్రౌజ్‌కి విసుగెత్తింది. "సోమవారం పెద్ద ఇన్‌స్పెక్టరొస్తున్నాడు. ఆయన ముందు ఇలా వాగావంటే ఇంజన్ దించి బొగ్గు గుట్ట ఎక్కిస్తా" అన్నాడు.

ఆ బెదిరింపు మా వీధిదాకా వచ్చింది. ఎలీషా చిన్నప్పుడు బళ్లో నా వెనక బల్ల. పన్నెండో ఎక్కం తలకిందులుగా కూడా అప్పజెప్పేవాడు. అలాంటివాడికి అంకెలతో ఈ పగేమిటి? "అంకెలు నిన్నేం చేశాయిరా?" అని అడిగితే, "వాటికి రుచుండదు థిర్జా అక్కా" అన్నాడు. నేనా నమ్మేది! మాంసం కూరిన రొట్టె గుడ్డలో చుట్టుకుని, వాడికిచ్చే వంకతో శనివారం పొద్దున్నే షెడ్డులో దూరాను.

ప్రౌజ్ నంబరు అరిచాడు. ఎలీషా "అదెవరండీ" అన్నాడు. "జీబ్రా" అన్న మాట వినపడ్డాకే, పొయ్యిలు అంటించే ఏబెల్ తాత మూలనుంచి లేచాడు. మొదటి ఇంజన్ అక్షరాలు తడిమాడు. తలూపాడు, కాదని. రెండోదీ కాదు. మూడోదాని మీద జీబ్రా పేరు మొదటి అక్షరం, ఆ వంకర గీత, వేలికి తగలగానే ముఖం విప్పారింది. కళ్లు తెరిచే ఉన్నాయి, కానీ తెల్లటి పొరలు. రంగుతో వేసిన నంబరు వేలికేం తగులుతుంది?

"ఎలీషా! తాతకి కళ్లు..."

"మెల్లగా అక్కా! ఏ నంబరు ఏ ఇంజన్‌దో ఈ వయసులో ఆయన బుర్రకెక్కదు, పేరు చెబితే తడిమి పట్టుకుంటాడు. పొయ్యి పని ఇప్పటికీ ఆయనలా ఎవరికీ రాదు. కానీ తెలిసిందంటే రేపే పొమ్మంటారు. బీదల ఆశ్రమం తప్ప ఆయనకి దిక్కులేదు."

"అది సరే, గుడ్ల దగ్గర ఎందుకురా ఆ వేషం?"

"షెడ్డులో మాత్రమే పిచ్చి ఉంటే అనుమానం రాదూ? పిచ్చన్నాక అన్నిచోట్లా ఉండాలి."

నా కడుపులో మాట నిలవదని ఊరందరికీ తెలుసు. ఆ రెండు రోజుల్లో డ్రైవర్ల ఇళ్లన్నీ తిరిగాను. "సోమవారం షెడ్డులో మీ మగాళ్లెవరికీ అంకెలు తెలియకూడదు. ఎందుకో అడక్కండి" అన్నాను. పుట్టి బుద్ధెరిగాక సగం మాట దాచుకోవడం అదే మొదలు. రెండు రోజులూ కడుపుబ్బరమే!

సోమవారం షెడ్డు తలుపు పక్కన నిలబడ్డాను. ఇన్‌స్పెక్టరు అప్పటికే లోపలున్నాడు. ప్రౌజ్ నంబరు అరిచాడు.

"అదెవరండీ?" పదకొండు గొంతులు.

ప్రౌజ్ కందగడ్డయ్యాడు. ఒక్కొక్కరినీ చూసుకుంటూ వచ్చి ఏబెల్ తాత దగ్గర ఆగాడు. తాత ఎటు వెళ్లాలో తెలియక, చెయ్యి గాల్లో చాచి పేరు కోసం ఎదురుచూస్తున్నాడు. ప్రౌజ్ చూపు ఆ చేతి మీంచి, తెల్లటి పొరలు కమ్మిన కళ్ల మీదికి వెళ్లింది. పలక మీది నంబర్లు మోచేత్తో తుడిచేశాడు.

"జీబ్రా!"

"ఇదేం పద్ధతయ్యా?" ఇన్‌స్పెక్టరు కళ్లజోడు సర్దుకున్నాడు.

"ఏం చెయ్యమంటారండీ? అందరూ మొద్దులే దొరికారు. అంకెలు రావు" అన్నాడు ప్రౌజ్.

పదకొండుమంది మొద్దులూ బుద్ధిగా తలలూపారు. ఏబెల్ తాత అప్పటికే జీబ్రా పొయ్యి తలుపు తెరిచి, కట్టెలు పేర్చుకుంటున్నాడు.