ఫుజైరాలో దొరికిన పెంబా ల్యాబు

దుబాయ్ వచ్చి ఆకాశమంత మేడలు చూడకుండా ఫుజైరా బస్సెక్కానని మా అమ్మాయి ఇప్పటికీ దెప్పుతుంది. నేను వెళ్లింది మా బడి చరిత్ర కోసం. తూర్పు ఆఫ్రికాలోని పెంబా దీవిలో ఒక సెకండరీ స్కూల్లో నేనూ మావారూ చాలా ఏళ్లు పాఠాలు చెప్పాం. ఇప్పుడా బడివాళ్లు చరిత్ర పుస్తకం వేస్తూ, సైన్సు ల్యాబు ప్రభుత్వమే పెట్టించిందని రాసి వాట్సాప్ గ్రూపులో పెట్టారు. నాకు ఒళ్లు మండింది. లవంగాల గోదాము ఊడ్చుకుని ల్యాబు మొదలుపెట్టింది మావారు. ఆయన ఇప్పుడు లేరు. సాక్షి అప్పటి హెడ్మాస్టరు ఒక్కరే. ఆయన ఫుజైరాలో కూతురి దగ్గరున్నారు.

శనివారం పొద్దున మా అమ్మాయి వాళ్లుండే అల్ నహ్దాలో టాక్సీ ఎక్కి, షార్జా బస్టాండులో ఎనిమిదిన్నర బస్సు పట్టుకున్నాను. చేతిసంచిలో మా అమ్మాయి కట్టిచ్చిన ఇడ్లీలు. పక్క సీట్లో రత్నం, రాజోలు మనిషి, ఫుజైరాలో ఒకరింట్లో వంట చేస్తోంది.

"ఫుజైరాలో ఏవుందండీ చూడ్డానికి? కొండలు, ఓడలు. అంతేనండి, ఖలాస్!" అంటూనే నా ఇడ్లీలు రెండు తింది.

దారంతా మొండి కొండలే. అయినా చూడబుద్ధేసింది. పదిన్నరకి దిగాను.

హెడ్మాస్టరుగారికి ఎనభై దాటాయి. ఆయన కూతురు జువేనా మావారి శిష్యురాలే. కాఫీ తాగగానే ల్యాబు మాటెత్తాను.

"ల్యాబా? ప్రభుత్వం ఇచ్చిందేగా టీచర్!" అన్నారాయన. ఎంత గుర్తుచేసినా మావారి పేరు ఆయనకు తట్టలేదు. నా ప్రాణం ఉసూరుమంది.

ఒంటిగంటకు భోజనం. అన్నం, కొబ్బరిపాల చేపల కూర, పక్కనే ఓ గిన్నెలో మాగాయ! సాక్షాత్తూ మన మాగాయ, మెంతిపిండితో సహా.

"ఇదెక్కడిదే?" అన్నాను.

"ఇంట్లో పెట్టిందే టీచర్. ఆస్మోసిస్! మన బడిలో చదివినవాళ్ల ఇళ్లలో దీన్ని అలాగే అంటాం."

మావారు ఆస్మోసిస్, అదే ద్రవాభిసరణం పాఠానికి పిల్లల చేత మామిడి ముక్కల్లో ఉప్పు వేయించి, జాడీలో ఊట ఊరనిచ్చి, ముక్కలు పిండి, లవంగాలు ఆరబోసే చాపల మీద ఎండబెట్టించేవారు. స్వామికార్యం, స్వకార్యం. ఇంట్లో పచ్చళ్లు పెట్టేదీ ఆయనే మరి.

హెడ్మాస్టరుగారు ఓ ముక్క నోట్లో వేసుకున్నారు. నములుతూ నములుతూ ఆగి, ఒక్కసారిగా పకపకా నవ్వారు.

"జాడీల మాస్టారు! ఇన్‌స్పెక్టరు వస్తే ల్యాబంటూ చూపించడానికి మాకున్నవి ఆ జాడీలే. రుచి చూసి, ఇంటికి ఒకటి పట్టుకుపోయి, తర్వాత గాజుసామాను పంపించాడు. ప్రభుత్వం ఇచ్చింది అదీ!"

జువేనా ఫోను పట్టుకుంటే, ఆ మాటే గ్రూపులో చెప్పారు, నవ్వు ఆపుకోకుండానే. నాకు మాత్రం ఏడుపొచ్చింది. దాచుకోలేదు.

నాలుగున్నర బస్సులో కూర్చున్నాక గ్రూపు నిండా పాత పిల్లలే. ఒకడు మస్కట్ నుంచి మా ఇంట్లోనూ ఆస్మోసిస్ ఉందని ఫొటో పెట్టాడు. ఫుజైరా వెళ్లేవాళ్లు కొండలూ ఓడలూ చూడండి, బాగుంటాయి. భోజనానికి పిలిచేవాళ్లుంటే మాత్రం ఎంత తొందరున్నా తిని రండి.

కొండలు దాటుతుండగా బడి హెడ్మిస్ట్రెస్ నుంచి మెసేజి. "ల్యాబు పేజీ మార్చి రాస్తున్నాం. సారు పూర్తి పేరు చెప్పండి టీచర్."

బస్సు కుదుపులకి రెండుసార్లు తప్పు పడింది. మూడోసారి, ఇంటిపేరుతో సహా, కొత్తపల్లి వెంకటరమణ అని సరిగ్గా కొట్టి పంపాను.