బావ పేరు మీద కొన్న తుపాకి

పదిహేడేళ్లుగా ఒక అబద్ధాన్ని కడుపులో పెట్టుకుని అన్నం తింటున్నాను. అది అరగదు. బయటికీ రాదు. నా పేరు చెప్పను. పేరు చెప్పుకునే ధైర్యమే ఉంటే ఈ కాగితంతో పనే లేదు, నేరుగా అక్క ఇంటికి వెళ్లి చెప్పేవాణ్ణి. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెప్పగలుగుతున్నాను.

మాది గద్వాల దాటి వడ్డేపల్లి వైపు ఒక పల్లె. ఎనిమిదెకరాల ఎర్రచెలక, బోర్ల కింద వేరుశనగ. మా అక్కను హద్దు అవతల, రాయచూరు జిల్లాలో కృష్ణ ఒడ్డున ఉన్న ఊరికి ఇచ్చారు. కర్ణాటకకు పిల్లనివ్వడం, అక్కడి నుంచి తెచ్చుకోవడం మా వైపు మామూలే. బావ వాళ్ల ఊళ్లో రేషన్ షాపు నడిపేవాడు. తూకంలో గింజ తగ్గించని మనిషని చుట్టుపక్కల పేరు. నేను పాడుచేసింది ఆ పేరునే.

అడవి పందులతో మొదలైంది. కాయ ఊరే సమయానికి గుంపుగా వచ్చి, ఒక మడి మొత్తం దున్నినట్టు తవ్వి పోయేవి. డప్పు కొట్టాం, పాత చీరలు కట్టాం, మంటలు వేశాం. రెండు పంటలు సగానికి సగం పోయాయి. ఈ బాధ నిజం. ఇంతవరకు నా తప్పేమీ లేదు. ఇంతవరకే.

తుపాకి ఉంటే బాగుండుననిపించింది. మా పోలీస్ స్టేషన్‌లో అడిగితే నవ్వి పంపారు. అప్పట్లో మా జిల్లాలో నక్సలైట్ల భయం. ఇళ్లలో ఉన్న తుపాకులను వాళ్లు ఎత్తుకుపోతారని, లైసెన్సు ఉన్నవాళ్లను కూడా తెచ్చి స్టేషన్‌లో పెట్టమంటున్న రోజులు. కొత్తది ఎవరిస్తారు? రాయచూరులో తుపాకులమ్మే దుకాణానికి వెళ్లాను. ఆ దుకాణదారు ఊరు అడిగాడు. చెప్పాను. ఆంధ్రావాళ్లకు ఇక్కడ అమ్మడానికి లేదు, మీ రాష్ట్రంలో లైసెన్సు తెచ్చుకోండి అని మర్యాదగానే చెప్పాడు. మెట్లు దిగుతుండగానే బావ గుర్తొచ్చాడు. ఇలాంటి వాటికి నా బుర్ర పాదరసం.

బావకు నది మధ్య లంకలో నాలుగెకరాలుండేవి. అక్కడికి పందులు ఏడాదికోసారి వస్తే గొప్ప. ఆయనకు తుపాకి అక్కరలేదు, ఇష్టమూ లేదు. నేను బావను బతిమాలలేదు. అక్కను పట్టుకున్నాను. తోడబుట్టినవాడి పంట పోతోందని అక్క రెండు పూటలు అన్నం మానేసింది. బావ ఒప్పుకున్నాడు. పంట కాపలాకు అని దరఖాస్తు పెట్టాడు. ఏడెనిమిది నెలలు తిరిగాక ఆయన పేరు మీద లైసెన్సు వచ్చింది. రెండు వేల ఐదులో అదే దుకాణంలో ఒంటిగొట్టం తుపాకి కొన్నాం. రిజిస్టర్లో సంతకం పెట్టింది బావ. తీసి భుజానికి ఆనించుకుని, ఇది బాగుంది అన్నది నేను. వారం తిరక్కుండానే అది మా ఇంటికి చేరింది.

మా ఊళ్లో అది నాదేనని అందరికీ చెప్పాను. ఒక్క పందిని కూడా కొట్టిన పాపాన పోలేదు, గాల్లో పేలిస్తేనే పారిపోయేవి. కానీ తుపాకి భుజాన వేసుకుని నడిస్తే మనుషులు మాట్లాడే తీరే మారిపోయింది. హోటల్లో కూర్చోబోతే బెంచీ మీద జాగా ఇచ్చేవాళ్లు. వెనకాల తుపాకి పటేలు అని నవ్వుకునేవాళ్లని తెలుసు. ఆ నవ్వు కూడా నాకు తీపిగానే ఉండేది. ఎంత చిన్న మనిషిని నేను! అప్పుడు తెలియలేదు, రాస్తుంటే తెలుస్తోంది.

ఎన్నికలొస్తే లైసెన్సు తుపాకులన్నీ స్టేషన్‌లో అప్పజెప్పాలి. అది అందరికీ తెలిసిన రివాజు. కొన్న మరుసటి ఏడు వాళ్ల వైపు ఏవో ఎన్నికలొస్తే నేనే గోనెసంచిలో చుట్టి తీసుకెళ్లి బావకిచ్చాను, అయిపోయాక తెచ్చుకున్నాను. కాబట్టి తెలియదనడానికి నాకు వీల్లేదు.

రెండు వేల ఎనిమిది వేసవిలో కర్ణాటకలో ఎన్నికలు వచ్చాయి. మా వైపు లేవు. బావ ఫోన్ చేసి, గడువు ఇచ్చారు, తుపాకి పంపమన్నాడు. పంట చేతికొచ్చే సమయం, పందులు వదలడం లేదు, నాలుగు రోజులు ఆగమన్నాను.

పంట అప్పటికే పీకేశాం. కాయ కళ్లంలో ఎండుతోంది.

మరి ఎందుకు ఆగమన్నాను? పక్క చేనువాళ్లతో నాకు గట్టు తగాదా ఉండేది. మూరెడు గట్టు. వచ్చే సోమవారం పెద్దమనుషులు చేను దగ్గరకు వచ్చి తీర్పు చెబుతామన్నారు. ఆ రోజు నేను తుపాకి భుజాన వేసుకుని నిలబడాలి. ఎవరినీ బెదిరించాలని కాదు అని ఇన్నాళ్లూ నాకు నేనే చెప్పుకున్నాను. మరి ఎందుకట? బెదిరించడానికే. ఇంకెందుకు?

బావ ఆగలేక శుక్రవారం మధ్యాహ్నం రాయచూరు బస్సు పట్టుకుని తానే వచ్చాడు. ఆయన మలుపు తిరగడం చూసి నేను తుపాకిని లోపలి గదిలో శనగ బస్తాల వెనక పెట్టాను. నా భార్య చూసింది. నేను ఆమె వైపు చూసిన చూపుకే ఆమెకు అర్థమైంది. బావ కాళ్లు కడుక్కుని మంచం మీద కూర్చున్నాడు.

"నాలుగు దినాలే ఉన్నయి, బామ్మర్దీ. స్టేషన్ల పెట్టకపోతె నా మీద కేసైతది."

"రిపేరుకిచ్చిన బావా. వనపర్తిల ఉంది. బుధవారం ఇస్తనన్నడు."

"బుధవారమంటె గడువు దాటుతది గదా."

"నేనే తీస్కొని నీ చేతిల పెడ్త. నువ్వు పరేషాన్ గాకు."

నా భార్య చాయ్ తెచ్చి ఇచ్చి లోపలికి పోయింది. బావ మెల్లగా తాగాడు. తుపాకికీ ఆయనకూ మధ్య ఒక మట్టిగోడ ఉంది, అంతే. కప్పు కింద పెట్టి, "ఆగలి" అన్నాడు. కానివ్వు అని, వాళ్ల కన్నడంలో. లేచి బస్సుకు పోయాడు. నేను బస్టాండ్ దాకా తోడు కూడా వెళ్లలేదు.

సోమవారం తీర్పు నా వైపే వచ్చింది. మూరెడు గట్టు నాదయింది. దాని మీద ఇప్పుడు కంది మొక్కలు నాలుగు మొలుస్తాయి, అంతకు మించి ఏమీ లేదు.

బుధవారం తీసుకెళ్దామనే అనుకున్నాను. మంగళవారమే గడువు అయిపోయింది. బుధవారం పొద్దున్నే అక్క ఫోన్, ఏడుపు. పోలీసులొచ్చి బావను తీసుకుపోయారట. తుపాకి ఏదని అడిగితే, లంకలో చేనుకు పోతుంటే ఎక్కిన పుట్టి ఒరిగి నదిలో పడిపోయిందన్నాడట. శుక్రవారం మా ఇంటి నుంచి తెచ్చి నేరుగా లంకకే తీసుకెళ్లానని అక్కతో కూడా అన్నాడట, అక్క నమ్మింది. రిపేరుకు పోయిందని ఆయన ఎందుకు చెప్పలేదో నాకు వెంటనే అర్థమైంది. ఎక్కడ అంటారు. ఆంధ్రాలో అంటే ఎవరు తీసుకెళ్లారంటారు. నా పేరు వస్తుంది. ఆయన నన్ను తప్పించాడు.

ఆ పూటైనా తుపాకి పట్టుకుని పోయి, ఇదిగో, తప్పు నాది అని ఉంటే? గడువు దాటిందని కేసు పెట్టేవాళ్లు, నా మీద కూడా పెట్టేవాళ్లు. కానీ బావ అబద్ధాలకోరు కాకపోయేవాడు. గద్వాల దాకా పోయి వెనక్కి తిరిగి వచ్చానని ఇక్కడ రాద్దామనుకున్నాను. అదీ అబద్ధమే. నేను ఇంట్లోంచి కదల్లేదు. దొంగకు తేలు కుట్టినట్టు కూర్చున్నాను. మరునాడు మిట్టమధ్యాహ్నం, ఎండకు ఎవరూ బయట లేనప్పుడు, తుపాకిని చేనుకు తీసుకుపోయి విప్పాను. కట్టె భాగం పొయ్యిలో కాలింది. గొట్టాన్ని ఎండిపోయిన బోరులో వదిలాను. నాలుగు వందల అడుగుల బోరు. లోపల తగులుతూ పోయిన చప్పుడు చాలాసేపు వినిపించింది.

వారం తర్వాత ఇద్దరు పోలీసులు, మా స్టేషన్ నుంచి ఒకాయన, కర్ణాటక నుంచి ఒకాయన, మా ఇంటికి వచ్చారు. చుట్టాల ఇళ్లన్నీ తిరుగుతున్నామన్నారు. మంచం వాల్చాను. బావ కూర్చున్న మంచమే. నేను అన్న మాట అక్షరం పొల్లుపోకుండా రాస్తున్నాను: "మా బావకు తుపాకున్న సంగతే ఇయ్యాల మీరు చెప్తె విన్న సార్." ఊరంతా చూసిన తుపాకి అది. ఊళ్లో ఒక్కరూ నోరు మెదపలేదు. నా మీద ప్రేమతో కాదు, పోలీసులతో మనకెందుకని.

బావను మూడు రోజులుంచి వదిలారు. కేసు మాత్రం ఏళ్లు నడిచింది. కేసున్నవాడికి రేషన్ షాపు ఉంచరాదని వేరేవాళ్లకు ఇచ్చేశారు. అక్క విత్తన పత్తి చేలల్లో పూలకు క్రాసింగ్ చేసే కూలికి పోయింది. అక్క ఆ పనికి పోవడం నాకు తెలుసు. పండక్కి చీర పెట్టి వచ్చేవాణ్ణి. పెద్ద మనసున్న తమ్ముడినని వాళ్ల వాడకట్టులో చెప్పుకునేవాళ్లు కూడా.

కోర్టు చివరికి జరిమానాతో వదిలేసింది. అక్క వదలలేదు. ఆమె దృష్టిలో బావ చేతకానివాడు. ఒక రాఖీ పున్నమికి వాళ్లింట్లో భోజనాలప్పుడు, పది మంది ముందు, గంత తుపాకి నీళ్లల్ల పడ్తుంటె సూసుకుంట కూసున్న మొగోడు అని ఎగతాళి చేసింది. అందరూ నవ్వారు. బావ తల వంచుకుని అన్నం కలుపుకుంటున్నాడు.

నేనూ నవ్వాను. అక్క కట్టిన రాఖీ నా చేతికే ఉంది.

దాయాది చావ గోరు, బావమరిది బతక గోరు అంటారు. ఆ సామెత ఎక్కడ వినబడినా నేను అక్కడి నుంచి లేచిపోతాను.

పోయినేడాది బావకు కిడ్నీలు చెడిపోయాయి. రాయచూరు దవాఖానలో ఉంటే చూడబోయాను. అక్క మందులకు కిందికి వెళ్లింది. ఇద్దరమే ఉన్నాం. బావ కళ్లు తెరిచి, ఏదో ఊరి సంగతి అడిగినట్టు మామూలుగా అన్నాడు:

"ఆ దినం తుపాకి ఇంట్లనే ఉండె గదా."

నేను ఆయన దుప్పటి సర్దసాగాను.

"చెల్లె చాయ్ ఇచ్చేటప్పుడు మొకమెత్తి నన్ను సూడలేదు. గప్పుడే సమజైంది నాకు. నీ ఇంట్ల కూసోని, నీ చాయ్ తాక్కుంట, అబద్ధమాడుతున్నవని నిన్ను ఎట్లనాలె?"

ఆయన కోపంగా లేడు. అది చెబితే మీరు నమ్మాలి. నేను ఒప్పుకోవాలని ఎదురుచూశాడు, అంతే. ఇన్నేళ్లు మోసిన దానికి ఒక్క మాట. అవును బావా అంటే చాలు. గదిలో ఎవరూ లేరు. పోలీసులు లేరు. పోయేదేమీ లేదు.

"లేదు బావా," అన్నాను. "రిపేరుకే ఇచ్చిన."

ఎందుకన్నాను? ఈ ప్రశ్న వేసుకోని రోజు లేదు. అబద్ధం అన్నేళ్లుగా నోట్లో అరిగి అరిగి, అదే ముందు జారింది. భయం కాదు. సిగ్గు కూడా కాదు. అలవాటు. బావ నీళ్లు కావాలన్నాడు. చెంచాతో పోశాను. పది రోజులకు పోయాడు. పాడె నేనూ మోశాను.

ఆయన అక్కకు చెప్పలేదు. చెబితే అక్కకు పుట్టిల్లు పోతుందని చెప్పలేదు. నేను చెప్పకపోవడానికి కూడా అదే కారణమని కొన్నాళ్లు నమ్మాను. ఆయన మంచితనాన్ని కూడా నేనే కాజేయబోయాను. నా భార్య ఈ పదిహేడేళ్లలో ఆ సంగతి ఎత్తలేదు. ఇంటికి ఎవరు వచ్చినా చాయ్ మాత్రం నా చేతే ఇప్పిస్తుంది.

నన్ను క్షమించమని మిమ్మల్ని అడగను. అది మీ చేతిలో లేదు. క్షమించగలిగిన ఒక్క మనిషికీ నేను చెంచా నీళ్లతో పాటు అబద్ధం కూడా పోశాను. ఇక మిగిలింది అక్క. ఆమెకు చదువు రాదు. ఈ కాగితం చేతిలో పెట్టినా చదివి వినిపించాల్సింది నేనే. ఇప్పటికీ బావ ఫోటోకు దండ మార్చేటప్పుడు, తుపాకి నీళ్లపాలు చేసి నా బతుకు గిట్ల చేసినవని ఆయనతో తగువు పడుతుందట. మేనకోడలు నవ్వుతూ చెప్పింది.

చదివి వినిపిస్తానో లేదో మీకు మాట ఇవ్వలేను. నా మాట విలువెంతో మీకిప్పుడు తెలుసు. కానీ ఏ మాట దగ్గర నా నోరు పదిహేడేళ్లు ఆగిపోయిందో, ఆ మాట ఇప్పుడు రాస్తున్నాను.

అక్కా, బావ తుపాకిని నదిలో పోగొట్టలేదు. ఆ రోజు అది మా ఇంట్లోనే ఉంది. ఆయన అడిగాడు. నేను ఇవ్వలేదు.