నటించొద్దన్న ఫ్రెంచాయన

ఆ రోజుల్లో నేను కుర్రదాన్నేనర్రా, యాభై నాలుగేళ్లు. (నవ్వకండి. మీ ఫోన్‌లో ఇప్పుడు కనిపించే ఈ ముఖం పక్కన అది కుర్రతనమే.) మీ నాన్నకు జర్మనీలో ఉద్యోగం చేసుకునే బ్లూ కార్డ్ కొత్తగా వచ్చి, హానోవర్‌లో ఇల్లు దొరికి, మూడు నెలలు ఉండి వెళ్లమని నన్ను పిలిపించుకున్నాడు. ఆ కార్డు వచ్చిన దగ్గర్నుంచీ ఇంట్లో పోపు బంద్. పక్కవాళ్లు ఏమనుకుంటారోనని వాడికి బెంగ. ఆ పక్కవాళ్లు మాత్రం ఆదివారం ఆదివారం బాల్కనీలో మాంసం కాల్చి, ఆరేసిన మా తువ్వాళ్లన్నిటికీ ఆ పొగ పట్టించేవారు.

అప్పుడు దిగాడు ఫ్రెంచాయన. కొత్తగా వచ్చిన ఇంజనీర్ల ఇళ్ల మీద డాక్యుమెంటరీ తీస్తున్నారట, ఆయన దానికి కెమెరామన్. పారిస్‌లో ఇరవై ఏళ్లు సినిమాలు తీశాడట. హీరోయిన్ల ముఖాలకు లైట్లు పెట్టీ పెట్టీ విసుగెత్తి, నిజం కావాలని డాక్యుమెంటరీల్లోకి వచ్చేశాడట. ఎడారులు, యుద్ధాలు, మంచుకొండలు అన్నీ అయి, మా వంటింటికి వచ్చాడు. నేనప్పటికే కాకినాడలో అందరికీ ఫోన్లు చేసి, సినిమాలో కనిపిస్తాను చూడండని చెప్పేశాను. కనిపించకపోతే తిరిగి ఏ ముఖం పెట్టుకుని వెళ్లను?

మొదటిరోజు పట్టుచీర కట్టి, పౌడరు రాసుకుని నిలబడ్డాను. మీ నాన్న మేం రోజూ అదే తింటున్నట్టు బల్ల మీద బ్రెడ్డూ చీజూ సర్దాడు. నటించొద్దు, అసలు నేను లేననుకోండి అని ఫ్రెంచాయన ఇంగ్లీషులో అంటే మీ నాన్న తెలుగులో చెప్పాడు. ఆ వెంటనే ఆయనే, మళ్లీ ఒకసారి తలుపులోంచి రండి, సహజంగా, అన్నాడు. అయిదుసార్లు సహజంగా వచ్చాను.

కానీ ఇంటికొచ్చిన మనిషి ఏమీ తినకుండా నిలబడి ఉంటే లేడని ఎలా అనుకోవడం? ఆయన కెమెరా ఎత్తినప్పుడల్లా సరాసరి అందులోకి చూసి, తింటారా అని చేత్తో అడుగుతున్నాను. రెండు రోజులు వృథా. రేపు కూడా కెమెరాలోకి చూస్తే సినిమాలోంచి వంటిల్లు మొత్తం తీసేస్తానన్నాడట.

"అమ్మా, నీకు దణ్ణం పెడతాను, ఆయన వైపు చూడకు."

"చూడన్రా. ముందాయన్ని కూచోబెట్టు. కడుపు నిండితే నేనెందుకు చూస్తాను?"

మూడోరోజు పొద్దున్నే పెసరట్లు, అల్లం పచ్చడి, దానికి ఇంగువ పోపు. మీ నాన్న కిటికీల వైపు పరిగెత్తాడు. ఫ్రెంచాయన ముక్కు ఎగబీల్చి, కెమెరా ఫ్రిజ్ మీద పెట్టేసి కూచున్నాడు. నాలుగు తిన్నాడు. అయిదోది వేయబోతే మన పెళ్లిభోజనాల్లోలాగే విస్తరికి చెయ్యి అడ్డం పెట్టాడు. (అక్కడ విస్తరి లేదనుకోండి, పింగాణీ ప్లేటు.)

కెమెరా ఆపలేదని నాకేం తెలుసు?

మరుసటి ఏడు అది టీవీలో వచ్చింది. జీవితమంతా కెమెరా వెనకే ఉన్న మనిషి మీసానికి పచ్చడితో నిండుగా కనిపిస్తున్నాడు. మీ నాన్న తువ్వాలుతో పొగ బయటికి తోలుతున్నాడు. బల్ల మీద బ్రెడ్డు ప్యాకెట్టు విప్పనైనా లేదు. నేనా? వీపు. పైగా హడావుడిలో జుట్టు ముడికి బట్టల క్లిప్పు పెట్టుకున్నాను, ఎర్రది.

"జర్మనీలో ఇప్పుడదా వదినా ఫ్యాషను?" అని కాకినాడ నుంచి మా ఆడపడుచు. అవునన్నాను.

మొన్న మీరు ఆ వీడియో పంపితే మళ్లీ చూశాను. ఆ ఎర్ర క్లిప్పు ఆవిడ ఒక్కసారి ఇటు తిరిగితే ముఖం చూద్దామని ఉంటుంది. తిరగదు. పెనం మీద అట్టు మాడిపోతుందని.